తెలుగు తెర మీద నవలా రచయిత

తెలుగు సినిమాకు కథ ఇచ్చిన పాపులర్ నవలా రచయితలు చాలామంది ఉన్నారు. అదే సినిమాలో ఒక పాత్రగా నిలబడి, తన కష్టం తాను చెప్పుకున్న నవలా రచయితను వెతకాలంటే మాత్రం వేళ్లు మడిచి లెక్కపెట్టుకోవాలి. పోలీసు, లాయరు, డాక్టరు, లెక్చరరు, ఆఖరికి దొంగ కూడా మన తెర మీద కథానాయకుడయ్యాడు. వారం వారం సీరియల్ రాసి లక్షల మందిని నిద్రపోనివ్వని మనిషికి ఆ అదృష్టం చాలా ఆలస్యంగా పట్టింది. ఆ వచ్చిన కొద్ది సినిమాల కథలు, పాత్రలు, వాటి వెనకున్న నవలల వ్యాపారం ఈ వ్యాసానికి విషయం.

ఇంగ్లిషులో ఈ రకం రచనను పల్ప్ అంటారు. చెక్క గుజ్జుతో చేసిన చవక కాగితం మీద అచ్చయ్యేది కాబట్టి ఆ పేరు. తెలుగులో దీనికి ఒకే మాట స్థిరపడలేదు. డిటెక్టివ్ నవల, పాకెట్ నవల, సీరియల్, కమర్షియల్ నవల అని కాలాన్ని బట్టి, తిట్టేవాళ్లను బట్టి పేర్లు మారాయి. 1980లలో చేతబడి కథల మీద విమర్శకులు వాడిన 'క్షుద్ర సాహిత్యం' అన్న మాటకు రెండు వైపులా పదునుంది. క్షుద్రశక్తుల గురించి రాసినదనీ అర్థమే, రచనే క్షుద్రమనీ అర్థమే.

అద్దె పుస్తకం వెనక మనిషి

హౌరా-చెన్నై రైలుమార్గం మీద, విశాఖపట్నానికి పొరుగున ఉన్న అనకాపల్లి బెల్లం మార్కెట్టుకు పేరుపడ్డ ఊరు. 2022 ఏప్రిల్ 4న జిల్లా కేంద్రమైంది. ఇలాంటి మధ్యతరహా పట్టణాలే తెలుగు పాపులర్ నవలకు అసలు పోషకులు. టీవీ రాక ముందు చదివే అలవాటున్న ఇంటికి కాలక్షేపం రెండు చోట్ల దొరికేది: ఒకటి సినిమా హాలు, రెండోది అద్దె పుస్తకాల షాపు. రోజుకింత అని అద్దె కట్టి తెచ్చుకున్న నవల ఆ ఇంట్లో అమ్మ, అక్క, పక్కింటి పిన్నిగారు అందరూ చదివేశాకే తిరిగి వెళ్లేది. డిటెక్టివ్ నవలలకు చివరి పేజీలు ఊడిపోయి ఉండటం ఆ షాపుల్లో మామూలు. హంతకుడెవరో తెలియక తల పట్టుకున్న పాఠకుల తరం ఒకటి మన మధ్య ఇంకా ఉంది.

ఆ నవలలు రాసినవాళ్లలో మొదట చెప్పుకోవలసిన పేరు కొవ్వలి లక్ష్మీనరసింహారావు. 1912లో పుట్టి 1975లో పోయిన ఈయన వెయ్యి నవలల రచయితగా ప్రసిద్ధుడు. రైలు ఎక్కే ముందు కొని దిగేలోపు చదివేసే చిన్న పుస్తకాలు ఆయనవి. ఆయనకు సాటిగా పేరు తెచ్చుకున్న జంపన చంద్రశేఖరరావు సినిమా దర్శకుడు కూడా అయ్యాడు. ఎన్.టి. రామారావు, అంజలీదేవి నటించిన 'భట్టి విక్రమార్క' (1960) ఆయన తీసినదే. కొమ్మూరి సాంబశివరావు డిటెక్టివ్ యుగంధర్‌నూ అతని అసిస్టెంటు రాజునూ ఇంటింటి మనుషుల్ని చేశాడు. మధుబాబు గూఢచారి హీరో 'షాడో'ను కాలేజీ కుర్రాళ్ల దిండు కిందికి చేర్చాడు. విశాఖపట్నంలో పుట్టిన ఆరుద్ర, తర్వాత సమగ్ర ఆంధ్ర సాహిత్యం రాసిన అంత పండితుడు, తానూ డిటెక్టివ్ నవలలు రాశాడు. పండితుడికీ పాకెట్ నవలకూ మధ్య గోడ ఎంత ఎత్తుందో కొలవాలనుకునేవాళ్లు ఆయన దగ్గరే మొదలుపెట్టాలి.

అనకాపల్లి పక్కనే ఉన్న తుమ్మపాల రాచకొండ విశ్వనాథశాస్త్రి (రావిశాస్త్రి) సొంతూరు. రావిశాస్త్రి పాపులర్ నవలాకారుడు కాదు. అయితే కోర్టు వరండాల్లో తిరిగే సారా కేసుల జనాన్ని ఆయన పట్టుకున్న తీరు చూస్తే, నేరం గురించి రాయడానికి డిటెక్టివ్ అక్కర్లేదని తెలుస్తుంది. అదే నేలలో ఒకవైపు ఆ రచన, ఇంకోవైపు అద్దె పుస్తకం రెండూ పక్కపక్కనే నడిచాయి.

కథ తీసుకుని, మనిషిని వదిలేసి

నవలను సినిమాగా తీయడం తెలుగులో పెద్ద ఎత్తున సాగింది రచయిత్రుల చలవతో. కోడూరి కౌసల్యాదేవి నవల 'చక్రభ్రమణం' 1964లో 'డాక్టర్ చక్రవర్తి' అయింది. ఆమెదే 'ప్రేమ్‌నగర్' 1971లో సురేష్ ప్రొడక్షన్స్ సంస్థను నిలబెట్టింది. యద్దనపూడి సులోచనారాణి రాసిన 'మీనా', 'జీవన తరంగాలు' రెండూ 1973లో, 'సెక్రటరీ' 1976లో తెరకెక్కాయి. ఆరడుగుల అందగాడు, పెద్ద కారు, ఆత్మాభిమానం గల పేదింటి అమ్మాయి అన్న లెక్క అప్పుడే తెలుగు ప్రేక్షకుడికి కంఠస్థమైంది. నవ్వుకునేవాళ్లు నవ్వుకోవచ్చు గానీ, ఆ నవలల్లో ఉద్యోగం చేసే ఆడపిల్ల ఒకరికి తలవంచకుండా మాట్లాడటం అప్పటి పాఠకురాలికి చిన్న సంగతి కాదు.

1980లలో ఆ స్థానం యండమూరి వీరేంద్రనాథ్‌ది. 1948లో తూర్పు గోదావరి జిల్లా రాజోలులో పుట్టిన ఆయన చదివింది చార్టర్డ్ అకౌంటెన్సీ. ఆంధ్రభూమి వారపత్రికలో 'తులసిదళం' సీరియల్‌గా వస్తుంటే దాని మీద అభిమానం ఎంత పెరిగిందో విమర్శ కూడా అంతే పెరిగింది. రచయిత్రి రంగనాయకమ్మ దాన్ని ఘాటుగా ఎండగట్టారు. నిర్మాత కె.ఎస్. రామారావు, దర్శకుడు ఎ. కోదండరామిరెడ్డి, చిరంజీవి, ఇళయరాజా, యండమూరి కలిసిన 'అభిలాష' 1983లో వచ్చింది. ఉరిశిక్షను రద్దు చేయాలని పోరాడే లాయరు తననే ముద్దాయిగా చేసుకునే కథ అది. తర్వాత 'డబ్బు టు ది పవరాఫ్ డబ్బు' నవలతో 'ఛాలెంజ్' (1984), ఆపైన 'రాక్షసుడు' (1986), 'మరణ మృదంగం' (1988) వచ్చాయి. చివరికి యండమూరే మెగాఫోను పట్టుకుని 'అగ్ని ప్రవేశం' (1990), 'స్టువర్టుపురం పోలీస్ స్టేషన్' (1991) తీశాడు. పాఠకుణ్ని పట్టుకోవడం తెలిసినవాడికి ప్రేక్షకుణ్ని పట్టుకోవడం అంత తేలిక కాదని రెండోది చూపించింది.

ఇన్ని నవలలు, ఇన్ని సినిమాలు. వీటిలో ఏ ఒక్కదానిలోనూ సీరియల్ రాసుకునే మనిషి కథానాయకుడు కాడు. కూరకు రుచి తెచ్చి ఆనక పక్కకు తీసేసే కరివేపాకు సామెత సినిమావాళ్లు రచయితల గురించే ఎక్కువగా వాడుకుంటారు. ఆ సామెతకు సాక్ష్యం ఇదే.

చంటబ్బాయ్: డిటెక్టివ్ నవల మీద డిటెక్టివ్ సినిమా

మల్లాది వెంకట కృష్ణమూర్తి నవల ఆధారంగా జంధ్యాల తీసిన 'చంటబ్బాయ్' 1986 ఆగస్టులో విడుదలైంది. అదే ఏడాది మల్లాది మరో నవల 'రెండు రెళ్ళు ఆరు'ను కూడా జంధ్యాలే తెరకెక్కించాడు. మల్లాదికి ఒక ప్రత్యేకత ఉంది. అంత పేరు సంపాదించి కూడా తన ఫోటో బయటికి రానివ్వలేదు. నవలలు అట్టలు చిరిగేదాకా చదివిన పాఠకులు ఆయన రోడ్డు మీద ఎదురైతే పోల్చుకోలేరు.

కథ విశాఖపట్నంలో నడుస్తుంది. పాండురంగారావు (చిరంజీవి) ఒక డిటెక్టివ్ ఏజెన్సీలో పనిచేస్తూ తనను తాను జేమ్స్ పాండ్ అని పిలుచుకుంటాడు. జ్వాల (సుహాసిని) మీద పడ్డ నింద తొలగించి ఆమె మనసు గెలుచుకోవడం సగం కథ. చిన్నప్పుడే దూరమైన 'చంటబ్బాయ్' అనే కొడుకును ఒక పెద్దమనిషి (జగ్గయ్య) కోసం వెతకడం మిగతా సగం. ఆస్తి కోసం దొంగ చంటబ్బాయ్ ఒకడు దిగబడతాడు. చివరికి వెతికేవాడే దొరకాల్సినవాడని తేలుతుంది. కొమ్మూరి నాటి నుంచి డిటెక్టివ్ నవలల్లో ఉన్న సరంజామా, అంటే మారువేషాలు, ఆనవాళ్లు, ఆఖరి పేజీలో గుట్టు విప్పడం, అన్నిటినీ తీసుకుని జంధ్యాల వాటికి చక్కిలిగింత పెట్టాడు. యుగంధర్‌ను చదివి పెరిగినవాడికే ఆ నవ్వు పూర్తిగా అందుతుంది.

ఈ వ్యాసానికి అంతకన్నా ముఖ్యమైన పాత్ర ఒకటి ఆ సినిమాలో ఉంది. శ్రీలక్ష్మి వేసిన కవయిత్రి. తన రచనలతో పత్రికా సంపాదకుడి ప్రాణం తోడేసే ఈవిడ కొద్ది నిమిషాలే కనిపించినా, సినిమా వచ్చి దాదాపు 40 ఏళ్లవుతున్నా ఆ డైలాగులు పెళ్లిళ్లలో, ఆఫీసుల్లో వినిపిస్తూనే ఉన్నాయి. సంపాదకుల బాధ తెలిసినవాడు రాసిన హాస్యం అది, అందుకే అంతలా పేలింది. అయితే తెలుగు తెర రచయితకు మొదట ఇచ్చిన వేషం ఎలాంటిదో కూడా అదే చెబుతుంది. రాసేవాడు, అందులోనూ రాసే ఆడది, నవ్వుకోవడానికి పనికొచ్చే మనిషి. ఆ లెక్క సరిచేయడానికి తెలుగు సినిమాకు 2023 దాకా పట్టింది.

రైటర్ పద్మభూషణ్

2023 ఫిబ్రవరి 3న విడుదలైన 'రైటర్ పద్మభూషణ్'కు షణ్ముఖ ప్రశాంత్ దర్శకుడు. ఆయనకిది మొదటి సినిమా. చాయ్ బిస్కెట్ ఫిలింస్, లహరి ఫిలింస్ నిర్మించాయి. శేఖర్ చంద్ర పాటలు కట్టాడు. సుహాస్ పద్మభూషణ్‌గా, ఆశిష్ విద్యార్థి తండ్రిగా, రోహిణి తల్లి సరస్వతిగా, టీనా శిల్పరాజ్ సారికగా, గోపరాజు రమణ సారిక తండ్రిగా నటించారు. గౌరీప్రియ మరో ముఖ్యపాత్ర వేసింది.

పద్మభూషణ్ విజయవాడలో ఒక లైబ్రరీలో అసిస్టెంటు. పేరులోనే బిరుదు పెట్టుకుని పుట్టిన ఈ కుర్రాడికి గొప్ప రచయిత కావాలని ఆశ. ఇంట్లో చెప్పకుండా అప్పు చేసి 'తొలి అడుగు' అనే పుస్తకం అచ్చేసుకుంటాడు. అది అమ్ముడుపోదు. సొంత ఖర్చుతో పుస్తకం అచ్చేసుకుని, ఆ కట్టలు మంచం కింద సర్దుకున్న తెలుగు రచయిత ఎవరికైనా ఈ భాగం నవ్వుతో పాటు గుండెలో కలుక్కుమనిపిస్తుంది. విజయవాడలో కథ పెట్టడం ఊరికే జరిగింది కాదు. తెలుగు పుస్తక ప్రచురణకు, వారపత్రికలకు ఆ ఊరే దశాబ్దాల పాటు రాజధాని. స్వాతి వారపత్రిక అక్కడి నుంచే వచ్చేది. కొత్త రచయితలు చేతిరాత ప్రతులు పట్టుకుని మెట్లెక్కిన ఆఫీసులు అక్కడే ఉండేవి.

కథ మలుపు తిరిగేది ఇక్కడ. ఏళ్ల తరబడి మాటల్లేని మేనమామ ఇంటి నుంచి ఉన్నట్టుండి పిలుపొస్తుంది. పద్మభూషణ్ పేరుతో, అతని ఫోటోతో ఇంకో పుస్తకం బజారులోకి వచ్చింది. జనం దాన్ని మెచ్చుకుంటున్నారు. అదే పేరుతో ఒక బ్లాగు కూడా నడుస్తోంది. మామ పిల్లనిస్తానంటాడు. మరదలు సారిక ఆ రచయితను అభిమానిస్తోంది. ఆ రాతలు తనవి కావని పద్మభూషణ్‌కు ఒక్కడికే తెలుసు. నిజం చెబితే పెళ్లి పోతుంది, చెప్పకపోతే రేపు రాయాల్సింది ఎక్కడి నుంచి వస్తుంది? సొమ్మొకడిది, సోకొకడిది అన్న సామెతను మొదటి సగమంతా హాస్యంగా సాగదీసి, రెండో సగంలో దాన్ని తిప్పి కొడతారు. ఆ పుస్తకం రాసింది అతని తల్లి సరస్వతి. పెళ్లితో, వంటింటితో అటకెక్కిన రచన ఆమెది. కొడుకు పేరు మీద అది బయటికొచ్చింది. అమ్మకు ఏం కావాలో ఒక్కసారైనా అడిగామా అన్న ప్రశ్న దగ్గర సినిమా నిలబడుతుంది.

రోహిణి నటన గురించి వేరుగా చెప్పాలి. గుట్టు బయటపడేదాకా ఆమె తెర మీద ప్రత్యేకంగా ఏమీ చేయదు. టిఫిను పెడుతుంది, కొడుకును వెనకేసుకొస్తుంది, భర్త మాటకు తలూపుతుంది. రెండోసారి చూసినప్పుడు ఆ తలూపడంలో ఎన్ని పేజీలున్నాయో కనిపిస్తుంది. సుహాస్ అబద్ధంలో ఇరుక్కున్న మధ్యతరగతి కుర్రాడి తత్తరపాటును బాగా పట్టుకున్నాడు. ఆశిష్ విద్యార్థి విలన్ వేషాలకు అలవాటుపడ్డ మన కళ్లకు ఈ మెతక తండ్రి కొత్త. లోపం లేకపోలేదు. సరస్వతి ఏం రాసిందో, ఆ రాతలో ఏముందో సినిమా పెద్దగా వినిపించదు. రచయిత్రి త్యాగం తెలుస్తుంది గానీ ఆమె రచన తెలియదు. విడుదలైన తొలి రోజుల్లోనే ఆడవాళ్లకు ఒక రోజు ఉచితంగా ఆటలు వేయడం ప్రచారానికే కావచ్చు. ఈ కథకు మాత్రం అతికినట్టు సరిపోయింది.

ఈ కథలో చరిత్రకు సంబంధించిన ఒక చమత్కారం ఉంది. 1960, 70లలో రచయిత్రుల నవలలు విపరీతంగా అమ్ముడుపోయినప్పుడు మగవాళ్లే ఆడపేర్లతో రాశారు. ఆంధ్రజ్యోతి వారపత్రికలో 'ఇల్లాలి ముచ్చట్లు' రాసిన పురాణం సీత, సంపాదకుడు పురాణం సుబ్రహ్మణ్యశర్మే. విశాఖకు చెందిన 'బీనాదేవి' భార్యాభర్తలిద్దరూ కలిసి పెట్టుకున్న పేరు. అట్ట మీది ఆడపేరు వెనక మగవాడు ఉండటం తెలుగు పాఠకుడికి కొత్త కాదు. మగపేరు వెనక తల్లి ఉండటం మాత్రం 'రైటర్ పద్మభూషణ్'లోనే చూశాం.

వరల్డ్ ఫేమస్ లవర్

'అభిలాష' తీసిన క్రియేటివ్ కమర్షియల్స్ సంస్థే 2020 ఫిబ్రవరి 14న రచయిత కథతో ఒక సినిమా తెచ్చింది. క్రాంతిమాధవ్ దర్శకుడు. గౌతమ్ (విజయ్ దేవరకొండ) రచయిత అవుతానని ఉద్యోగం మానేస్తాడు, నెలల తరబడి ఒక్క పేజీ రాయడు. అతన్ని పోషిస్తూ వచ్చిన యామిని (రాశీ ఖన్నా) విసిగి వెళ్లిపోతుంది. అప్పుడతను రాసే కథలే సినిమాలో కథలు. ఒకటి ఇల్లందు బొగ్గుగనిలో శీనయ్య, అతని భార్య సువర్ణ (ఐశ్వర్యా రాజేష్), కొత్తగా వచ్చిన ఆఫీసరు స్మిత (కేథరిన్ ట్రెసా). ఇంకోటి పారిస్‌లో, పైలట్ ఇజాతో. మూడు చోట్లా హీరో విజయే.

ఇల్లందు భాగం బలమైనది. భర్త మనసు ఇంకొకరి మీదికి పోతుంటే సువర్ణ పడే అవమానాన్ని ఐశ్వర్యా రాజేష్ కళ్లతో చెప్పింది. మిగతాది తేలిపోయింది. రాయలేకపోవడం అనేది తెర మీద చూపించడం కష్టం. మనిషి సోఫాలో పడుకుని ఉండటం తప్ప కనబడేదేముంటుంది? యామిని కోపం మనకు అర్థమైనంతగా గౌతమ్ బాధ అర్థం కాదు. వసూళ్లు నిరాశపరిచాయి. యండమూరి కథలను చిరంజీవికి ఇచ్చి గెలిచిన సంస్థ, రచయితనే హీరోను చేసి ఓడిపోయింది.

హిందీలో ఏం చేశారు

పాపులర్ నవలాకారుణ్ని నేరుగా పట్టుకున్న భారతీయ సినిమా 'మస్త్‌రామ్'. అఖిలేష్ జైస్వాల్ దర్శకత్వంలో 2014లో విడుదలైంది. ఉత్తరాది బస్టాండుల్లో, రైల్వే స్టేషన్లలో చాటుగా అమ్ముడైన బూతు పుస్తకాల మీద ఉండే కలం పేరు మస్త్‌రామ్. ఆ పేరు వెనక ఎవరున్నారో లోకానికి తెలియదు. కాబట్టి సినిమా ఒక ఊహాజీవితం అల్లింది. రాజారామ్ (రాహుల్ బగ్గా) బ్యాంకు గుమాస్తా, మంచి సాహిత్యం రాయాలని అతని ఆశ. ప్రచురణకర్తలు తిప్పి పంపుతారు, కాస్త మసాలా కావాలంటారు. ఆ మసాలా రాసిన నాటి నుంచి పుస్తకాలు అమ్ముడుపోతాయి, పేరు మాత్రం చెప్పుకోలేడు. భార్య రేణు (తారా అలీషా బెర్రీ)కు కూడా తెలియని రహస్యం అది. తాను రాసినది చుట్టూ అందరూ చదువుతుంటే, నాదే అని అనలేని మనిషి ఇతను.

2021 జులై 2న నెట్‌ఫ్లిక్స్‌లో వచ్చిన 'హసీన్ దిల్‌రుబా' దీనికి తలకిందులు. వినీల్ మాథ్యూ దర్శకుడు, కనికా ధిల్లాన్ రచయిత్రి. రాణి (తాప్సీ) దినేశ్ పండిట్ అనే క్రైమ్ రచయితకు వీరాభిమాని, మాట మాటకూ ఆయన వాక్యం చెబుతుంది. భర్త రిషు (విక్రాంత్ మాస్సే) పేలుడులో చనిపోయాడని, చంపింది రాణేనని పోలీసుల అనుమానం. గుట్టంతా దినేశ్ పండిట్ నవల ఒకదానిలో దాగి ఉంటుంది. పోలీసు అధికారి దాన్ని చదివేసరికి పుణ్యకాలం కాస్తా గడిచిపోతుంది. దినేశ్ పండిట్ కల్పిత రచయిత. సినిమా మొత్తంలో మనిషి కనబడడు, పుస్తకం మాత్రమే కనబడుతుంది. సురేంద్ర మోహన్ పాఠక్, వేద్‌ప్రకాశ్ శర్మ వంటి అసలు హిందీ నవలాకారుల పాఠకులకు ఆ పేరు వినగానే ముఖం మీద చిరునవ్వు వస్తుంది. 2024 ఆగస్టులో దీనికి రెండో భాగం వచ్చింది. తెలుగులో ఇలాంటి కథ రాస్తే దినేశ్ పండిట్ స్థానంలో ఎవరిని పెట్టొచ్చో పాఠకులు ఈపాటికే ఊహించి ఉంటారు. ఫోటో లేని రచయిత మనకూ ఒకాయన ఉన్నాడు కదా.

శ్యామ్ సింగరాయ్, పేరు గొడవ

రాహుల్ సాంకృత్యాన్ తీసిన 'శ్యామ్ సింగరాయ్' 2021 డిసెంబరు 24న విడుదలైంది. కథ సత్యదేవ్ జంగా రాశాడు. నాని రెండు పాత్రలు వేశాడు. వాసు సినిమా దర్శకుడు కావాలనుకునే హైదరాబాదు కుర్రాడు. తీసిన మొదటి సినిమా ఘనవిజయం సాధించాక, కథను దశాబ్దాల కిందటి బెంగాలీ రచయిత శ్యామ్ సింగరాయ్ నుంచి దొంగిలించాడని కేసు పడుతుంది. తాను ఆ పేరే వినలేదంటాడు వాసు. లాయరు పద్మావతి (మడోన్నా సెబాస్టియన్) అతని తరఫున వాదిస్తుంది. హిప్నాసిస్‌లో తేలేది, అతను శ్యామ్‌కు మరుజన్మ అని. అక్కడి నుంచి కథ బెంగాల్‌కు వెళుతుంది. కులం కట్టుబాట్లను ఎదిరించి ఇల్లు వదిలిన శ్యామ్, గుడిలో దేవదాసిగా చిక్కుకున్న మైత్రేయి అలియాస్ రోసీ (సాయిపల్లవి), వాళ్ల పెళ్లి, అతని హత్య. కృతిశెట్టి వాసు సినిమాలో నటించే కీర్తిగా కనిపిస్తుంది. సంగీతం మిక్కీ జె. మేయర్.

శ్యామ్ పుస్తకాలు వేలకొద్దీ అమ్ముడుపోయే రచయితే, అయినా అద్దె పుస్తకాల రకం కాదు. సంస్కర్త, విప్లవకారుడు. రచయితను హీరోగా చూపాలనుకున్నప్పుడు తెలుగు సినిమా అతన్ని బెంగాలీని చేసింది. రచయిత అంటే గౌరవం కలగాలంటే కలకత్తా నేపథ్యం, పంచె, మీసం ఉండాలనుకోవడం శరత్ నవలల అనువాదాలు చదివి పెరిగిన తెలుగువాళ్ల పాత అలవాటే. బందరులోనో విశాఖలోనో కూర్చుని రాసుకునే శ్యామ్ మనకెందుకు లేడు?

కేసు మాత్రం మన కథే. 1957 కాపీరైట్ చట్టం ప్రకారం రచయిత పోయాక కూడా 60 ఏళ్ల పాటు అతని రచన మీద వారసులకు హక్కుంటుంది. అదే చట్టం 57వ సెక్షను, హక్కులు అమ్ముకున్న తర్వాత కూడా రచన తనదేనని చెప్పుకునే అధికారాన్ని రచయితకు మిగుల్చుతుంది. డబ్బు వేరు, పేరు వేరు అని చట్టానికి తెలుసు. 2016 జూన్‌లో దర్శకుడు త్రివిక్రమ్ సినిమా 'అ ఆ' విడుదలైనప్పుడు 'మీనా' నవలతో, 1973 నాటి సినిమాతో ఉన్న పోలికలను పాఠకులే పట్టుకున్నారు. విడుదలైన తర్వాత టైటిల్స్‌లో యద్దనపూడి సులోచనారాణి పేరు చేరింది. 2018లో ఆమె కన్నుమూశారు. నలభై ఏళ్ల కిందటి అద్దె పుస్తకాన్ని గుర్తుపెట్టుకుని ఆ పేరు అడిగింది విమర్శకులు కాదు, మామూలు పాఠకురాళ్లు.

'శ్యామ్ సింగరాయ్'కు అనకాపల్లితో ఒక ముడి ఉంది. అందులోని 'సిరివెన్నెల', 'ప్రణవాలయ' పాటలు రాసింది చెంబోలు సీతారామశాస్త్రి. 1955లో మధ్యప్రదేశ్‌లోని శివనిలో పుట్టి, అనకాపల్లి బడిలో చదువుకుని, తొలిరోజుల్లో భరణి అన్న కలం పేరుతో కవితలు రాసి, 1986లో వచ్చిన 'సిరివెన్నెల' సినిమాతో ఆ సినిమా పేరే ఇంటిపేరుగా మారినవాడు ఆయన. 2021 నవంబరు 30న మరణించారు. రచయిత కథతో తీసిన ఆ సినిమా అప్పటికింకా విడుదల కాలేదు. ఆయన చివరి పాటల్లో ఒకటి ఆయన పేరుతోనే, 'సిరివెన్నెల' అని, ఆయన లేని డిసెంబరులో జనం ముందుకు వచ్చింది.